రాణిగారు ఇంకా గడ్డం గీసుకోలేదు

రెండో చార్లెస్ రాజు ఒకరోజు వేళ కంటే ముందే నాటకానికి వచ్చి కూర్చున్నాడు. ఎంతసేపటికీ ఆట మొదలవదు. ఏమిటీ ఆలస్యం అని కబురు పంపితే, నాటక సమాజం పెద్ద వచ్చి, ఉన్నమాట చెప్పేయడమే మేలనుకుని, "ప్రభూ, రాణిగారు ఇంకా గడ్డం గీసుకోలేదు" అన్నాడట. రాజు పగలబడి నవ్వి, రాణిగారి క్షవరం అయ్యేదాకా ఓపిగ్గా కూర్చున్నాడట. కోలీ సిబర్ అనే నటుడు చాలా ఏళ్ల తర్వాత తన జ్ఞాపకాల్లో రాసుకున్న ముచ్చట ఇది.

ఇది 1660ల మొదట్లో లండన్‌లో సంగతి. ఆ దశాబ్దం గడిచేసరికి గడ్డం గీసుకునే రాణులు ఇంగ్లీషు రంగస్థలం మీద దాదాపు కనబడకుండా పోయారు. జపాన్‌లో మాత్రం పోలేదు. టోక్యోలో గింజా పేటకు వెళ్లి, కబుకి అనే పాతకాలపు జపాన్ నాటకం ఆడే కబుకి-జా థియేటర్లో టికెట్ కొనుక్కుంటే, ఇవాళ కూడా రాణి మగవాడే, వేశ్య మగవాడే, కొడుకు కోసం ఏడ్చే తల్లీ మగవాడే.

రెండు దేశాల్లోనూ ఇంచుమించు ఒకే కాలంలో మగవాళ్లే ఆడవేషాలు కట్టారు. ఒకచోట ఆ అలవాటు ఇట్టే తుడిచిపెట్టుకుపోయింది. రెండోచోట నాలుగు వందల ఏళ్లు దగ్గర పడుతున్నా నిలబడింది. ఎందుకని? "ఆ రోజుల్లో ఆడవాళ్లను స్టేజీ ఎక్కనిచ్చేవాళ్లు కాదు గనక" అని మనం టక్కున చెప్పే జవాబు ఈ ప్రశ్నకు సరిపోదు.

పైగా ఆ జవాబు సగం తప్పు. ఇంగ్లండులో ఆడవాళ్లు నాటకాలాడకూడదని చట్టమేమీ లేదు. ఉన్నదల్లా అలవాటు. అదే సమయంలో ఇటలీలో, ఫ్రాన్స్‌లో నటీమణులు హాయిగా ఆడుతున్నారు. 1608లో వెనిస్ వెళ్లిన థామస్ కోర్యాట్ అనే ఇంగ్లీషు యాత్రికుడు అక్కడ ఆడవాళ్లు నటించడం చూసి, మగ నటులకు ఏమాత్రం తీసిపోకుండా చేశారని ఆశ్చర్యపోతూ రాశాడు. ఆ ఆశ్చర్యాన్ని బట్టే తెలుస్తుంది, అతనికి అది ఎంత కొత్తో.

1629లో ఒక ఫ్రెంచ్ బృందం లండన్ వచ్చి, బ్లాక్‌ఫ్రయర్స్ థియేటర్లో ఆడపాత్రలను ఆడవాళ్లతోనే వేయించి నాటకం ఆడింది. ఎవరూ అరెస్టు చేయలేదు. కానీ జనం ఈలలు వేసి, గోల చేసి, ఆపిల్ పళ్లు విసిరారని ఒక ఉత్తరంలో ఉంది. లైసెన్సు ఇచ్చిన అధికారి వాళ్ల దురదృష్టానికి జాలిపడి తనకు రావాల్సిన ఫీజులో కొంత వదులుకున్నాడు.

సరిగ్గా అదే 1629లో, భూగోళానికి అవతలి వైపు, జపాన్‌ను ఏలే తొకుగావా షోగున్ల (సైనిక పాలకుల) ప్రభుత్వం ఆడవాళ్లు కబుకి ఆడకూడదని ఉత్తర్వు వేసింది. ఇక్కడ మాత్రం నిజంగా చట్టమే. విచిత్రమేమిటంటే కబుకిని పుట్టించిందే ఒక ఆడది. ఇజుమో నో ఒకుని అనే ఆవిడ 1603 ప్రాంతంలో క్యోటోలో ఆడిన ఆటల్లోంచే కబుకి మొదలైంది. మగ బట్టలు తొడుక్కుని, నడుముకు కత్తి దోపుకుని, వేశ్యావాటికలో తిరిగే షోకిలా రాయుడి వేషం కట్టేది. అంటే కబుకిలో మొదటి పెద్ద ఆకర్షణ ఆడది కట్టిన మగవేషం. దాన్ని వేశ్యాగృహాల వాళ్లు పట్టుకున్నారు. నాటకం పగలు, వ్యాపారం రాత్రి. సమురాయ్‌లు ఆటగత్తెల కోసం కొట్టుకోవడం మొదలెట్టేసరికి ప్రభుత్వానికి టెన్షన్ పట్టుకుంది. వాళ్ల బాధ కళ గురించి కాదు, శాంతిభద్రతల గురించి.

ఆడవాళ్లను తీసేశారు, వాళ్ల జాగాలో టీనేజీ కుర్రాళ్లు వచ్చారు. గొడవ తగ్గిందా? సమురాయ్‌లు ఇప్పుడు కుర్రాళ్ల కోసం కొట్టుకున్నారు. 1652లో వాళ్లనీ నిషేధించారు. చివరికి ప్రభుత్వం పెట్టిన షరతు ఏమిటంటే, నటులందరూ పెద్దవాళ్లలాగా నడినెత్తి గొరిగించుకోవాలి. ఆ కాలపు కుర్రాడి అందమంతా నుదుటి మీద పడే జుట్టులో ఉండేది. అది పోతే ఎవడూ మోజు పడడని లెక్క.

ఆ తర్వాత జరిగింది చూడండి. ఆడవేషం కట్టే నటులు గొరిగిన నెత్తి కనబడకుండా ఊదారంగు పట్టుగుడ్డ ఒకటి నుదుటి మీద కప్పుకున్నారు. కొన్నాళ్లకు ఆ గుడ్డే అందం అయిపోయింది. నాటి చిత్రాల్లో నుదుటి మీద ఆ ఊదా గుడ్డ కనిపిస్తే చాలు, ఆ బొమ్మ ఆడది కాదు, ఆడవేషం కట్టిన నటుడని పోల్చుకోవచ్చు. మచ్చను కప్పడానికి వేసుకున్న గుడ్డ తిలకంగా మారిందన్నమాట. నా మటుకు నాకు కబుకి కథ మొత్తం ఆ గుడ్డలోనే కనిపిస్తుంది.

లండన్‌లో సంగతి వేరు. షేక్‌స్పియర్ కాలంలో ఆడవేషాలు కట్టింది పెద్దవాళ్లు కాదు, కుర్రాళ్లు. పన్నెండు, పదమూడేళ్లకు అప్రెంటిస్‌గా చేరి, ఇరవై దాటీ దాటకుండా ఆడపాత్రలకు సెలవు చెప్పేవాళ్లు. నటులకంటూ వేరే వృత్తిసంఘం లేదు కాబట్టి ఈ అప్రెంటిస్ వ్యవహారం కాగితం మీద తమాషాగా ఉండేది. షేక్‌స్పియర్ సహచరుడు జాన్ హెమింజెస్ పేరుకు సరుకుల వర్తకుల సంఘంలో సభ్యుడు. ఆ సంఘం పుస్తకాల్లో వర్తకం నేర్చుకుంటున్నట్టు పేరు ఎక్కించుకున్న కుర్రాళ్లు నిజానికి నేర్చుకునేది నటన.

ఈ కుర్రాళ్ల విద్యకు గడువు ఉంది. గొంతు మారేదాకానే. హామ్లెట్ నాటకంలో ఊరికి వచ్చిన నటులను పలకరిస్తూ రాకుమారుడు అందులోని కుర్రాడితో, కిందటిసారి కంటే పొడుగయ్యావే, నీ గొంతు చెల్లని బంగారు నాణెంలా పగలకుండా ఉంటే బాగుండు అంటాడు. ఇది సరదా మాటే, కానీ నాటక సమాజంలో ప్రతివాడికీ తెలిసిన భయం. ఇవాళ జూలియెట్‌గా ఏడిపించినవాడు వచ్చే ఏడాదికి చేతికి అందకపోవచ్చు.

రచయిత కూడా ఈ లెక్కలు చూసుకునే రాయాలి. తర్ఫీదైన కుర్రాళ్లు ఇద్దరో ముగ్గురో ఉంటే, పెద్ద ఆడపాత్రలూ ఇద్దరో ముగ్గురో. లియర్ రాజుకు ముగ్గురు కూతుళ్లుంటారు, వాళ్ల తల్లి ఊసుండదు. షేక్‌స్పియర్ నాటకాల్లో ఇంత మంది తల్లిలేని పిల్లలు ఎందుకున్నారని అడిగేవాళ్లకు ఇదీ ఒక జవాబు.

అయితే ఆయన ఈ ఇబ్బందిని దాచుకోలేదు. దానితోనే ఆడుకున్నాడు. "యాజ్ యూ లైక్ ఇట్" నాటకంలో రోజలిండ్ అనే అమ్మాయి మగపిల్లాడి వేషం వేసుకుని అడవికి పోతుంది. అక్కడ తన ప్రియుడే ఎదురైతే, "నన్ను నీ రోజలిండ్ అనుకుని ప్రేమ మాటలు చెప్పు" అంటుంది. లెక్క కట్టండి. ఒక కుర్రాడు అమ్మాయి వేషం వేశాడు, ఆ అమ్మాయి కుర్రాడి వేషం వేసింది, ఆ కుర్రాడు అమ్మాయిలా నటిస్తున్నాడు. చివర్లో ఆ నటుడే ముందుకొచ్చి "నేనే గనక ఆడదాన్నయితే" అంటూ ప్రేక్షకులతో మాట్లాడతాడు. ఇంకో నాటకంలో క్లియోపాత్రా తనను రోము తీసుకెళితే అక్కడెవడో కీచుగొంతు కుర్రాడు తన వేషం కట్టి పరువు తీస్తాడని మథనపడుతుంది. ఆ మాట స్టేజీ మీద అంటున్నదీ ఒక కుర్రాడే. ఎదురుగా ఉన్న జనానికీ ఆ సంగతి తెలుసు. తెలిసీ ఆమె చావుకు కళ్లనీళ్లు పెట్టుకోగలరని రచయితకు ధీమా.

ఇంత ధీమా ఉన్న పద్ధతి అంత తొందరగా ఎలా పోయింది?

ప్యూరిటన్లు అనే మతవాదులకు ఇదంతా పాపం. మగవాడు ఆడబట్ట కట్టకూడదని బైబిల్లో ఉన్న మాట పట్టుకుని దశాబ్దాల తరబడి పుస్తకాలు రాశారు. వాళ్లలో విలియం ప్రిన్ అనే ఆయన ఆడవేషాలు కట్టే మగవాళ్లనూ వదల్లేదు, స్టేజీ ఎక్కే ఆడవాళ్లనూ వదల్లేదు. 1633లో వచ్చిన తన లావుపాటి పుస్తకంలో నటీమణులను వేశ్యలన్నాడు. ఆ రోజుల్లోనే రాణి అంతఃపురంలో నాటకంలో వేషం వేసి ఉంది. ప్రిన్ చెవులు కోయించారు.

1642లో అంతర్యుద్ధం వచ్చి పార్లమెంటు నాటకశాలలన్నీ మూయించింది. మళ్లీ తెరిచేసరికి 1660. మధ్యలో పద్దెనిమిదేళ్లు. నా ఉద్దేశంలో అసలు కీలకం ఇక్కడ ఉంది. ఆడవేషం విద్య ఒక కుర్రాడి నుంచి ఇంకో కుర్రాడికి, గురువు ఇంట్లో, పక్కన ఉండి నేర్చుకునేది. పుస్తకంలో రాసి పెట్టింది కాదు. పద్దెనిమిదేళ్లంటే ఒక కుర్రాడు పుట్టి, పెరిగి, గొంతు మారిపోయే కాలం. గొలుసు తెగిపోయింది.

1660లో లండన్‌లో ఆడవేషాలకు పేరుమోసిన ఎడ్వర్డ్ కైనస్టన్ థియేటర్లు మూతపడ్డ నాటికి ఇంకా పసివాడు. ఆ ఏడాది ఆగస్టులో అతన్ని చూసిన శామ్యూల్ పీప్స్, జన్మలో ఇంత అందమైన స్త్రీని చూడలేదని డైరీలో రాసుకుని, గొంతు మాత్రం అంత బాగా లేదని చివర్న చేర్చాడు. ఆ చివరి మాట నాకు గుచ్చుకుంటుంది. రూపం ఉంది, గొంతు దిద్దే గురువు లేడు. 1661 జనవరిలో పీప్స్ అతన్నే ఒక నాటకంలో మూడు వేషాల్లో చూసి, ఆడవేషంలో థియేటర్ మొత్తానికి అందగత్తె, మగవేషంలో థియేటర్ మొత్తానికి అందగాడు అన్నాడు. కైనస్టన్ తర్వాత మగపాత్రలకు మారి, రాజుల వేషాలకు పేరు తెచ్చుకున్నాడు. అతనికి శిష్యుడు లేడు.

ఈలోగా 1660 డిసెంబర్ 8న, టెన్నిస్ కోర్టును మార్చి కట్టిన ఒక థియేటర్లో, ఒథెల్లోలో డెస్డిమోనాగా ఒక స్త్రీ నటించింది. ఆవిడ ఎవరన్నదాని మీద ఇప్పటికీ వాదనలే. ప్రవాసంలో ఉండగా ఐరోపాలో నటీమణులకు అలవాటుపడి వచ్చిన రెండో చార్లెస్ రాజు ఈ మార్పును 1662లో రాజపత్రంలోకే ఎక్కించాడు. ఆడపాత్రలు ఇకమీద ఆడవాళ్లే వేయవచ్చు, ఎందుకంటే మగవాళ్లు ఆడబట్టలు కట్టడం కొందరికి అభ్యంతరంగా ఉంది అని అందులో రాశారు.

జపాన్‌లో నీతి కోసం ఆడవాళ్లను స్టేజీ దింపారు. ముప్పై మూడేళ్లకు ఇంగ్లండులో అదే నీతి పేరు చెప్పి ఆడవాళ్లను స్టేజీ ఎక్కించారు. రెండుచోట్లా ప్రేక్షకులు కోరుకున్నది నీతి అయితే కాదు.

మళ్లీ జపాన్‌కు వద్దాం. అక్కడ గొలుసు తెగలేదు. రెండు వందల ఏళ్లు దాటి సాగిన నిషేధం వల్ల ఆడవేషం ఒక జీవితకాలపు వృత్తి అయింది. ఆ వేషం కట్టేవాళ్లను ఒన్నగత అంటారు. వీళ్లకు గొంతు పగిలే గడువు లేదు, అరవై ఏళ్లొచ్చినా పదహారేళ్ల పిల్లగా కనిపించవచ్చు. యోషిజావా అయామే (1673–1729) అనే గొప్ప ఒన్నగత మాటలను తర్వాతివాళ్లు పుస్తకంగా కూర్చారు. ఆయన ఉద్దేశంలో స్టేజీ మీద ఆడదిగా ఉంటే చాలదు, గ్రీన్‌రూమ్‌లోనూ అలాగే ఉండాలి. కథానాయకుడి వేషం వేసేవాడికి ఎదురుగా కూర్చుని బొక్కకూడదు, పక్కకు తిరిగి తినాలి. ఎవరైనా "మీ ఆవిడ బాగున్నారా" అని అడిగితే సిగ్గుతో మొహం ఎర్రబడాలి. ఆయనకు పిల్లలున్నారు, వాళ్లూ నటులే. అయినా ఈ నియమం నియమమే.

నేర్పే పద్ధతి కూడా శరీరాన్ని పట్టుకునే ఉంటుంది. భుజాలు కిందికి దించి, వెనక రెక్కల ఎముకలను దగ్గరికి లాగితే భుజం సన్నబడుతుంది. మోకాళ్ల మధ్య కాగితం పెట్టి అది పడిపోకుండా నడవాలి. మడమలు దూరంగా, కాలివేళ్లు లోపలికి. చేతులు పొడుగనిపిస్తే సగం అరచెయ్యి కిమోనో చేతుల్లోకి లాక్కోవాలి. పక్కన నాయకుడు పొట్టివాడైతే ఒక అర అడుగు వెనక నిలబడి, మోకాళ్లు వంచి, ఆ వంగడం ఎవరికీ తెలియనివ్వకూడదు. ఇలా స్థిరపడిన ఒక్కో భంగిమనీ "కత" అంటారు. మన కథ కాదు, అచ్చు అని అర్థం.

మన కాలంలో దీనికి పెద్ద పేరు బందో తమసబురో. 1950లో పుట్టాడు. కబుకి కుటుంబంలో పుట్టలేదు. చిన్నప్పుడు పోలియో వస్తే కాలికి మంచిదని నాట్యంలో వేశారు, తర్వాత ఒక కబుకి వంశం దత్తత తీసుకుంది. జపాన్ లెక్కలో పొడగరి, అంటే ఆడవేషానికి మైనస్. ఆయన కొంగకన్య నాట్యం వీడియోలో చూశాను. మంచులో తెల్లటి కిమోనోతో నిలబడి ఉంటాడు, సహాయకుడు వెనకనుంచి దారాలు లాగగానే పై బట్ట ఊడి కింద ఎర్రటిది బయటపడుతుంది. చివర్లో కొంగ చచ్చిపోతూ వెనక్కి వంగుతుంది. అంత సేపట్లో ఒక్కసారి కూడా నాకు "ఎంత బాగా ఆడదానిలా చేస్తున్నాడో" అనిపించలేదు. ఏ ఆడదీ అలా ఉండదు. ఏ కొంగా అలా ఉండదు.

చిక్కుముడి విడిపోయేది ఇక్కడే. లండన్ కుర్రాడు ఆడదానికి బదులుగా నిలబడ్డాడు. బదులుగా వచ్చినవాడు అసలు మనిషి రాగానే తప్పుకోవాలి. ఒన్నగత బదులుగా మొదలై, చేతిలో అంత కాలం ఉండేసరికి, ఇంకేదో తయారుచేశాడు. పందొమ్మిదో శతాబ్దం చివర్లో జపాన్‌లో నటీమణులకు దారి తెరుచుకుంది. సదయక్కో అమెరికా, ఐరోపాల్లో ఆడి పేరు తెచ్చుకుంది. 1911లో మత్సుయి సుమాకో ఇబ్సెన్ నాటకంలో నోరాగా నటించి సంచలనం రేపింది. సినిమాల్లో మొదట్లో ఒన్నగతలే నాయికలు, కానీ 1920ల మొదట్లోనే నటీమణులు వాళ్లను పక్కకు నెట్టేశారు. నిజంలా కనిపించాల్సిన చోటల్లా ఒన్నగత ఓడిపోయాడు. కబుకిలో ఆ అవసరమే లేదు కాబట్టి మిగిలాడు.

నో అనే మరో పాత జపాన్ నాటకరీతి దీన్ని ఇంకా ముందుకు తీసుకెళుతుంది. అక్కడ యువతి ముసుగు నటుడి మొహం కంటే చిన్నది. పక్కల నుంచి పెద్దాయన దవడ బయటికే కనిపిస్తుంది, గొంతు గంభీరమైన మగ గొంతే. ఎవరూ దాచరు, ఎవరూ నవ్వరు.

మనకు ఇది మరీ కొత్త కాదు. సత్యభామగా, చిత్రాంగిగా స్థానం నరసింహారావు (1902–1971) నిలబడితే ఎలా ఉండేదో తాతల నోట విన్నవాళ్లం. భామాకలాపంలో వేదాంతం సత్యనారాయణ శర్మను చూసినవాళ్లు ఇంకా ఉన్నారు. నటీమణులు వచ్చాక మన పద్య నాటకం ఎక్కువగా లండన్ దారి పట్టింది. కూచిపూడి స్త్రీవేషం మాత్రం కొన్నాళ్లు జపాన్ దారిలో నడిచింది.

ఇక ఆడవాళ్లు మగవేషాలు కట్టడం. ఇంగ్లండులో నటీమణులు రాగానే రచయితలు వాళ్లకు మగ పాంట్లు తొడిగించారు. 1660–1700 మధ్య వచ్చిన నాటకాల్లో దాదాపు నాలుగో వంతులో ఎవరో ఒక నాయిక మగవేషం వేస్తుంది. నటన కోసమనుకునేరు. గౌనుల కాలంలో ఆడదాని కాళ్లు చూసే అవకాశం అదొక్కటే. తర్వాత మంచి రోజులొచ్చాయి. శారా సిడన్స్ హామ్లెట్ వేసింది, 1840ల్లో షార్లెట్ కుష్‌మన్ రోమియోగా లండన్‌ను ఊపేసింది. మగవాడి ఆడవేషం మాత్రం ఇంగ్లండులో క్రిస్మస్‌కు ఆడే పాంటొమైమ్ అనే హాస్య నాటకాల్లో దాక్కుంది. లావు ముసలమ్మ, పెద్ద పెద్ద రవికె, మోటు జోకులు. ఒకప్పుడు క్లియోపాత్రాను మోసిన పద్ధతి చివరికి నవ్వులాటగా మిగిలింది.

జపాన్‌లో దానికి పూర్తిగా ఎదురు సంగతి ఒక ఈత కొలనులో మొదలైంది. ఒసాకా దగ్గర కొబయాషి ఇచిజో అనే ఆయన రైల్వే లైను వేశాడు. చివరి స్టేషన్ తకరజుక, వేడినీటి బుగ్గల ఊరు. రైలు ఎక్కేవాళ్లు కావాలి కదా. అక్కడ ఇండోర్ ఈత కొలను కట్టిస్తే, నీళ్లు చల్లగా ఉండి ఎవరూ దిగలేదు. దాని మీద చెక్కలు పరిచి థియేటర్ చేశాడు. 1913లో అమ్మాయిలను చేర్చుకుని సంగీతం నేర్పించి, 1914లో మొదటి ప్రదర్శన ఇప్పించాడు. అదే తకరజుక సమాజం. మగపాత్రలన్నీ అమ్మాయిలవే. ఇప్పుడు అయిదు బృందాలు, స్కూల్లో రెండేళ్ల చదువు. మగవేషం వాళ్లు జుట్టు కత్తిరించుకుని, గొంతు దించుకుని, కాళ్లు ఎడంగా పెట్టి కూర్చోవడం దగ్గర్నుంచి నేర్చుకుంటారు. "మగవేషానికి పదేళ్లు" అని వాళ్ల సామెత. పెళ్లి చేసుకుంటే మాత్రం సమాజం వదలాలి. ప్రేక్షకుల్లో ఎక్కువమంది ఆడవాళ్లే. వాళ్లు అక్కడ చూసేది ఇంట్లో ఉన్న మగవాడిని కాదు, మాట వినే, పూలు తెచ్చే, చెమట వాసన రాని మగవాడిని.

ఇక్కడ ఒక మెలిక ఉంది. కబుకిలో ఆడవాళ్లు ఆడకూడదనే చట్టం ఎప్పుడో పోయింది. అయినా పెద్ద వేదికల మీద మగవాళ్లే, ఎందుకంటే పేర్లూ పాత్రలూ తండ్రి నుంచి కొడుక్కి పోతాయి. అంటే షేక్‌స్పియర్ నాటి ఇంగ్లండులోలాగే ఇప్పుడు జపాన్‌లోనూ అడ్డు ఉన్నది అలవాటే. 2023 అక్టోబరులో తెరాజిమా షినోబు అనే సినీనటి కబుకి-జా వేదిక మీద ఒక ఆడపాత్ర వేస్తే అది వార్త అయింది. ఆవిడ తండ్రి, తమ్ముడు పేరుమోసిన కబుకి నటులు.

ఇంగ్లండు కూడా ఊరుకోలేదు. 2012లో ఫిలిడా లాయిడ్ జూలియస్ సీజర్‌ను ఆడవాళ్ల జైల్లో ఖైదీలు ఆడుతున్నట్టుగా, అందరూ నటీమణులతో వేయించింది. 2016లో ఎనభై ఏళ్ల గ్లెండా జాక్సన్ లియర్ రాజు అయింది. వాళ్లెవరూ మగవాళ్లలా కనిపించాలని తాపత్రయపడలేదు. పాత పద్ధతిని తిరగదోడినవాళ్లూ ఉన్నారు. 2002లో గ్లోబ్ థియేటర్ వాళ్లు "ట్వెల్ఫ్త్ నైట్"ను మొత్తం మగవాళ్లతో, నాలుగు వందల ఏళ్ల కిందట అది ఆడిన మిడిల్ టెంపుల్ హాల్లోనే వేశారు. ఒలివియాగా మార్క్ రైలాన్స్. కుర్రాడు కాదు, నలభై దాటిన మనిషి. నల్లటి పెద్ద గౌను కింద కాళ్లు ఎక్కడ పడుతున్నాయో తెలియకుండా, చక్రాల మీద దొర్లినట్టు జరిగిపోతాడు. షేక్‌స్పియర్ నాటి కుర్రాళ్లు అలాగే నడిచేవాళ్లేమో చెప్పడానికి లండన్‌లో ఎవరూ మిగల్లేదు. ఆ నడక చూస్తుంటే నాకు మోకాళ్ల మధ్య కాగితమే గుర్తొచ్చింది.